అడ్డం రాని బర్రె

నా ఆటోకు అడ్డం వచ్చిన బర్రె గురించి ఆర్మూర్‌లో చాలామందికి తెలుసు. దాని కొమ్ములు ఎటు వంగి ఉన్నాయో, అది రోడ్డుకు ఏ పక్క నుంచి దిగిందో, తోక ఎంత పొడవో చెప్పగలిగినవాళ్ళు కనీసం పది మంది ఉన్నారు. దాన్ని చూడనివాణ్ని నేను ఒక్కణ్నే. ఆ రోజు బండి నడిపింది కూడా నేనే కాబట్టి ఈ విషయం కొంచెం వివరంగా రాయాల్సి వస్తోంది.

రెండు వేల సంవత్సరం దాటి ఐదారేళ్ళయింది. నాకు ఇరవై మూడు. డిగ్రీ రెండో ఏడాదికే నాకూ కాలేజీకీ ఒకరి మీద ఒకరికి ఆశ పోయింది. మా నాన్న ఒక సెవెన్ సీటర్ ఆటో ఇప్పించాడు. అందులో ఏడుగురు కూర్చోవాలని దాన్ని తయారు చేసినవాళ్ళ అభిప్రాయం. మా దారిలో పదకొండు మంది ఎక్కితే కూడా, ‘ఇంకొక్కలు వడ్తరు, జర జరగండ్రి’ అనేవాళ్ళు.

చలికాలం చివర పసుపు తవ్వకాలు మొదలైతే ఆర్మూర్ నుంచి ఏర్గట్ల వైపు చేన్లకు ఆడకూలీలు పోయేవాళ్ళు. పొద్దున దింపి సాయంత్రం ఎక్కించుకుని రావడం నా పని. వాళ్ళు రోజంతా తవ్విన దుంపల మట్టి దులిపి, వేర్లు కోసి, కొమ్ములు విడదీసేవాళ్ళు. సాయంత్రానికి వాళ్ళ చేతులు, చీర అంచులు, ఆఖరికి నా ఆటో సీట్లు కూడా పెళ్ళికొడుకు రంగులోకి వచ్చేవి.

బండి నడపడం కంటే మాట్లాడడం నాకు బాగా వచ్చు. ఎవరు ఏడుస్తూ ఎక్కినా దిగేలోపు ఒక్కసారైనా నవ్వించాలని నాకో పట్టుదల ఉండేది. అత్తా కోడళ్ళ పంచాయితీ, మొగుడి తాగుడు, పటేల్ తిట్లు, ఏదైనా సరే, దాన్ని పట్టుకుని గాలి తీసేసేవాణ్ని. ‘వీని నోట్లె మన్ను వడ, ఏడ్వనియ్యడు గదనే’ అని తిడుతూనే నవ్వేవాళ్ళు. నవ్వు వినపడితే నాకు చాలదు. ఎవరు నవ్వుతున్నారో కూడా చూడాలి. ముందు ఒక అద్దం ఉండేది గానీ, అందులో నేను తల దువ్వుకోవడం తప్ప దానికి వేరే పని చెప్పలేదు. చెప్పినా మధ్య సీట్లోవాళ్ళ తలలే కనపడేవి. వెనక అంచున కూర్చునే పెద్దమ్మ కనపడేది కాదు.

పెద్దమ్మ నాకు చుట్టం కాదు. మా ఇంటికి రెండు వీధుల అవతల ఉంటుంది. అరవైకి దగ్గరపడ్డ మనిషి. అందరూ పెద్దమ్మ అనేవాళ్ళు, నేనూ అన్నాను. కొడుకు దుబాయిలో పని చేస్తూ అక్కడికి పోయిన అప్పు తీర్చేవాడు, ఇంట్లో కోడలు బీడీలు చుట్టేది. పెద్దమ్మ ఆదివారం చర్చికి, మిగతా ఆరు రోజులు పసుపు చేన్లకు పోయేది. ఆమె నవ్వితే చప్పుడు రాదు. కొంగు నోటికి అడ్డం పెట్టుకుంటుంది, భుజాలు మాత్రం కదులుతాయి. అందరినీ నవ్వించడం ఒక ఎత్తు, ఆ భుజాలు కదిలించడం ఒక ఎత్తు. కదిలాయా లేదా అనేది వెనక్కి తిరిగి చూస్తే తప్ప తెలియదు.

ఆ సాయంత్రం ఐదు దాటింది. ఆ చేను పటేల్ కూలీలను లెక్కపెట్టే తీరు చెప్తున్నాను. వేలు చూపిస్తూ లెక్కపెడతాడు, ప్రతిసారీ ఒక మనిషి తక్కువ వస్తుంది, ‘ఎవతె వారిపోయిందే’ అని అరుస్తాడు, ఆ ఒక్క మనిషి ఆయన వెనకే నిలబడి ఆయన డబ్బాలోంచి ఆకు తీసి నములుతూ ఉంటుంది. ఆయన గొంతుతోనే చెప్పాను. ఆటో మొత్తం గొల్లుమంది. నేను వెనక్కి తిరిగాను.

భుజాలు కదులుతున్నాయి.

అంతలో ముందు చక్రం తారు అంచు దిగింది. ఆటో పల్టీలేమీ కొట్టలేదు. పని నుంచి వచ్చిన మనిషి చాప మీద ఒరిగినట్టు నిదానంగా పక్కకు ఒరిగి పడుకుంది. ఒకరి మీద ఒకరు పడ్డ ఆడవాళ్ళు ఒకరినొకరు తిట్టుకుంటూ బయటికి వచ్చారు. ఒకామె గాజులు పగిలాయి, ఇంకొకామె మోచెయ్యి గీరుకుపోయింది. ‘నీ ఆటో సల్లగుండ, పొర్లిచ్చినవ్ గదరా’ అని నా వీపు మీద రెండు దెబ్బలు కూడా పడ్డాయి. ఎవరికీ ఏమీ కాలేదనుకుని వేలు పెట్టి లెక్కపెట్టాను.

ఒకరు తక్కువ.

పెద్దమ్మ ఆటో వెనక, రోడ్డు పక్క కాలువ వాలులో పడి ఉంది. నన్ను చూసి, “నా సద్ది గిన్నె యాడ వడ్డదో సూడు బిడ్డా,” అంది. గిన్నె తెచ్చి ఇచ్చాను. లే అని చెయ్యి పట్టుకున్నాను. అప్పుడు అరిచింది. ఆమె గొంతు అంత పెద్దగా ఉంటుందని నాకు అప్పటిదాకా తెలియదు.

వెనక వస్తున్న జీపులో ఆర్మూర్ దవాఖానకు తీసుకుపోయాం. తుంటి ఎముక విరిగిందని చెప్పారు. హెడ్ కానిస్టేబుల్ వచ్చేసరికి మా ఆటో ఆడవాళ్ళంతా వరండాలో గుంపుగా నిలబడి ఉన్నారు. ఆయన కాయితం తీసి, “ఎట్లయింది?” అని నన్ను అడిగాడు. నేను నోరు తెరిచేలోపు నా వెనక నుంచి ఒక గొంతు వచ్చింది.

“బర్రె అడ్డం వచ్చింది సార్.”

అది ముందు సీట్లో కూర్చునే ఆమె గొంతు. మిగతావాళ్ళు ఒక్క క్షణం కూడా ఆలోచించలేదు.

“ఔ సార్, ఉరికొచ్చింది.”

“పోరడు దాన్ని తప్పియ్యబోయిండు. లేకపోతే అందరం సద్దుము.”

“ఎవల బర్రె?”

“ఎవలదో ఏమెరుక సార్, బర్రె పేరు జెప్తదా?”

“రంగు?”

“నల్లది.”

ఆయన రాసుకున్నాడు. “కొమ్ములు?” అంటే ఒకామె గింత అని చేతులు చాచింది, ఇంకొకామె అసలు లేవంది. ఆయన కలం ఆపి ఇద్దరినీ మార్చి మార్చి చూశాడు. అప్పుడు లోపల బల్ల మీద పడుకుని ఉన్న పెద్దమ్మ, పళ్ళు బిగపట్టి, “కొమ్ములు వంగినయి సార్, దూరంకెల్లి కండ్లవడయి. తోక తెగింది,” అని తీర్పు చెప్పింది. దాంతో బర్రె పూర్తయింది.

మా దారి ఆడవాళ్ళ సంగతి అంతే. తెలియని లారీ గుద్దితే ఆ డ్రైవర్‌ను కిందికి గుంజి కొడతారు. రోజూ ఎక్కే ఆటోవాడు కింద పడేస్తే మాత్రం వాడు ‘మన పోరడు’. పోలీసుల చేతికి ఇవ్వరు. అందుకని ఆ రోడ్డు మీద జరిగిన ప్రతి ప్రమాదం వెనక ఒక బర్రెనో, మేకనో, కుక్కనో ఉంటుంది. పోలీసు కాయితాలు చదివితే మా వైపు పశువులన్నీ చావుకు తెగించి తిరుగుతున్నాయని అనుకోవాలి.

నేను ఏమీ అనలేదు. ‘బర్రె లేదు సార్’ అంటే పది మంది తల్లులను అబద్ధాలకోరులను చేసినట్టవుతుందని నాకు నేను చెప్పుకున్నాను. చాలా గౌరవంగా వినిపించే కారణం. అసలు కారణం భయం.

ఆ రోజు నుంచి పొద్దున ఒకసారి, సాయంత్రం ఒకసారి పెద్దమ్మను చూడడానికి పోయేవాణ్ని. మొదట దవాఖానకు, తర్వాత వాళ్ళ ఇంటికి. మా అమ్మ చేసిన జొన్న గటక గిన్నెలో పోసి ఇచ్చేది. పెద్దమ్మ మంచంలో పడుకుని, కోడలు పక్కన బీడీలు చుడుతూ ఉంటే, నేను ఊళ్ళో వార్తలన్నీ చెప్పేవాణ్ని. నవ్వు వస్తే ఆమె తుంటి పట్టుకునేది. “నవ్వియ్యకు కొడుకా, నొస్తది,” అనేది. నవ్వించకుండా మాట్లాడడం నాకు అప్పటిదాకా అలవాటు లేని పని. ఎన్నోసార్లు నోరు తెరిచి మూసుకోవాల్సి వచ్చింది.

రెండు నెలలు కాలికి బరువులు కట్టి పడుకోబెట్టారు. ఎముక అతకలేదు. నిజామాబాద్‌లో పెద్ద డాక్టరు ఎక్స్‌రే ఫిల్మును వెలుతురుకు పెట్టి చూసి, ఆపరేషన్ చేసి లోపల కొత్తది పెట్టాలి, లేకపోతే ఇక నడవదు అన్నాడు. ఎంతవుతుందో చెప్పాడు. కోడలు నా ముఖం చూసింది. నేను ఫిల్ము చూశాను. ఆ ఆటో అమ్మినా, నన్ను అమ్మినా సరిపోదు. నన్నయితే ఎవరూ కొనరు కూడా.

ఆ తర్వాత ఒక ఆదివారం పెద్దమ్మ చర్చికి పోతానని పట్టుబట్టింది. కుర్చీలో కూర్చోబెట్టి, కుర్చీతో సహా ఆటోలోకి ఎక్కించి, నడక వేగంతో తీసుకుపోయాను. అక్కడ ఒక అలవాటు ఉంది. దేవుడు తమకు చేసిన మేలు గురించి ఎవరైనా లేచి అందరి ముందు చెప్పవచ్చు. పెద్దమ్మ లేవలేక కుర్చీలోంచే చెప్పింది. బర్రె ఎట్లా ఉరికి వచ్చిందో, ప్రభువు తన ప్రాణాన్ని ఎట్లా కాపాడాడో చెప్పింది. అందరూ ‘స్తోత్రం’ అన్నారు. నేను తలుపు దగ్గర చెప్పుల పక్కన నిలబడి విన్నాను. పోలీసు స్టేషన్ దాకా పోయిన బర్రె ఇప్పుడు దేవుడి దాకా పోయింది.

ఆ వారమే ఎవరో చెప్తే కోడలూ నేనూ కాయితాలు పట్టుకుని ఒక వకీలు దగ్గరికి పోయాం. కోర్టు ముందు రేకుల కింద ఆయన బల్ల. నల్ల కోటు ఉతికీ ఉతికీ బూడిద రంగుకు వచ్చింది. పోలీసు కాయితం చదివి కళ్ళద్దాలు తీశాడు.

“గీ బర్రె ఎవలది?”

“తెల్వది సార్.”

“మరి ఎవల మీద కేసేద్దామనుకుంటున్నరు? బర్రె మీదనా?”

“దానికి ఇన్సూరెన్స్ ఉంటదా సార్?” అన్నాను.

ఆయన నవ్వలేదు. నా మాటకు నవ్వని మనిషి ఎదురైతే నాకు కాళ్ళూ చేతులూ ఆడవు.

“జర ఇను,” అన్నాడు. “నీ బండికి ఇన్సూరెన్స్ ఉంది. బండ్ల ఎక్కిన మనిషికి దెబ్బ తాకితే వాళ్ళు ఇయ్యాలె. కాని నీ తప్పు ఉంటేనే ఇస్తరు. బర్రె తప్పయితే ఏదో కొద్దిగ చేతుల పెట్టి దండం పెడ్తరు. దాంతోని ఆపరేషన్ కాదు.”

“అంటే నా తప్పు ఉండుడే మంచిదా సార్?”

“మంచి చెడ్డ నేను జెప్త లేను, చట్టంల ఉన్న కాయిద జెప్తున్న. మనిషిని బండ్ల ఎక్కిచ్చుకున్నవంటే దిగేదాక ఆ మనిషి నీ జిమ్మ, పూచి నీదే. ఆమె నీకు దోస్తా, తల్లా, పైసలు తీస్కున్నవా, పుణ్యానికి తెస్తున్నవా, అవన్నీ కాయిదకు పట్టయి. నీ చేతుల పానం పెట్టి కూసున్నది. నువ్వు జాగ్రత్తగ నడిపినవా లేదా, గంతే అడుగుతది.” ఆగి, “నడిపినవా?” అన్నాడు.

ఇంతకాలంలో ఎవరూ నన్ను ఆ మాట అడగలేదు. అడిగినవాళ్ళంతా బర్రెను గురించే అడిగారు.

“పదకొండు మందిని ఎక్కిచ్చిన,” అన్నాను.

“అది ఒక తప్పు. ఆ టైమ్ల కండ్లు యాడ ఉండె?”

“వెనకకు సార్.”

కోడలు నా వైపు చూసింది. ఆమెకు కూడా అప్పటిదాకా బర్రె ఉందనే తెలుసు.

“పెద్దామె కోర్టుల నిలవడి ఇదే మాట జెప్పాలె,” అన్నాడు వకీలు. “పోలీసులకు జెప్పింది ప్రమాణం మీద కాదు. కోర్టుల జెప్పేదే లెక్క. ఆమె గిట్ల బర్రె అన్నదంటే నేనేం జెయ్యలేను.”

ఇంటికి వచ్చి పెద్దమ్మ మంచం పక్కన కూర్చుని అంతా చెప్పాను. ఆమె పైకప్పు వైపు చూస్తూ వింది.

“అంటే నువ్వు సోయి లేకుంట నడిపినవని నేను జెప్పాలె?”

“ఔ పెద్దమ్మా.”

“జెప్త లేను పో.”

“నిజమే గదా.”

“నిజమైతే? నిన్ను జైల్ల ఏపిచ్చి నేను కాలు బాగ జేస్కుంటనా? మీ అవ్వ మొకం ఎట్ల సూస్త?”

“జైలు కాదు, జరిమాన అంటుండు వకీలు సాబ్.”

“వకీలు సాబ్ గట్లనే అంటడు. ఆయన పోతడా జైలుకు?” తర్వాత నెమ్మదిగా, “ఇంగ చర్చిల గూడ జెప్పిన గదరా. అందరి ముంగట. ప్రభువు ముంగట. ఇప్పుడు కోర్టుల నిలవడి బర్రె లేదంటే నన్ను ఏమనుకుంటరు? మంచంల ఉంటే ఉంట తియ్యి. కోడలు చూస్కుంటది,” అంది.

కోడలు బీడీ దారం తెంపి, ఇంకో ఆకు తీసుకుంది.

ఆ వారంలో నేను నాలుగుసార్లు చెప్పి చూశాను. ఒకసారి బతిమాలాను, ఒకసారి కోపం చేశాను, ఒకసారి బర్రెలాగా అరిచి నవ్వించబోయాను. ఆమె గోడ వైపు తిరిగి పడుకుంది. తిరగడం కూడా ఒక్కతే చేయలేదు. కోడలు వచ్చి పట్టుకుని తిప్పింది. నా మీద కోపంతో తిరగడానికి కూడా ఆమెకు మనిషి కావాల్సి వచ్చింది.

తర్వాతి ఆదివారం పెద్దమ్మను, కుర్చీని మళ్ళీ చర్చికి తీసుకుపోయాను. ఈసారి చెప్పులు విప్పి లోపలికి పోయాను. మగవాళ్ళ వైపు, చివర చాప మీద కూర్చున్నాను. మా ఇంట్లో శనివారం హనుమంతుడికి టెంకాయ కొడతారు. నేను ఆ చాప మీద కూర్చోవడం చూసి ఇద్దరు ముగ్గురు తల తిప్పారు. పాట అయిపోయాక పాస్టరు గారు, ఎవరైనా చెప్పేది ఉందా అని అడిగారు. నేను లేచాను.

మా ఆటో ఎక్కే ఆడవాళ్ళు నలుగురు ఆ వైపు ఉన్నారు. నేను లేవగానే వాళ్ళ ముఖాలు నవ్వడానికి తయారయ్యాయి. అది నేను సంపాదించుకున్న ఆస్తి. ఆ రోజు అడ్డం పడింది.

“బర్రె లేదు,” అన్నాను.

ఫక్కున నవ్వారు. పాస్టరు గారు కూడా నవ్వు ఆపుకున్నారు. నేను ఆగాను. జీవితంలో మొదటిసారి నవ్వు తగ్గేదాకా ఎదురుచూశాను, పెరిగేదాకా కాదు.

“నిజంగ లేదు. రోడ్డు మీద ఏది రాలె. నేను ముచ్చట జెప్పుకుంట వెనకకు తిరిగిన. పెద్దమ్మ నవ్వుతుందా లేదా అని సూస్తందుకు తిరిగిన. బండి నేనే పడేసిన. అందరు నా కోసం బర్రె అన్నరు. పెద్దమ్మ గూడ నా కోసమే అన్నది. ఆమె తప్పు లేదు. నేను ఆ దినమే జెప్పాల్సింది. భయమై జెప్పలె.”

ఇంకా ఏదో అనాలనుకున్నాను, గుర్తు రాలేదు. ఎవరూ స్తోత్రం అనలేదు. దీనికి స్తోత్రం అనవచ్చో లేదో ఎవరికీ తెలిసినట్టు లేదు. పాస్టరు గారు కాసేపటికి, “కూసో బిడ్డా,” అన్నారు. కూర్చున్నాను. పెద్దమ్మ వైపు చూశాను. ఆమె కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. భుజాలు కదులుతున్నాయి. ఆ భుజాలను నేను నవ్వుగా తప్ప ఎప్పుడూ చదవలేదు. ఆ రోజు మాత్రం అది నవ్వు కాదని తెలిసింది.

తిరిగి వచ్చేటప్పుడు ఆమె ఒక్క మాట మాట్లాడలేదు. ఆ తర్వాత ఎనిమిది రోజులు మాట్లాడలేదు. గటక గిన్నె తీసుకుపోతే కోడలు గడప దగ్గరే అందుకుని, “పెట్టి పొమ్మంటుంది,” అనేది. లోపల్నుంచి, “నేనేమనలె, నువ్వే అంటున్నవ్,” అని పెద్దమ్మ గొంతు వినిపించేది. గిన్నె మాత్రం రోజూ ఖాళీగా, కడిగి వచ్చేది.

ఆ సోమవారమే పోలీసు స్టేషన్‌కు పోయి హెడ్ కానిస్టేబుల్‌కు చెప్పాను. ఆయన చాలాసేపు నన్ను పరీక్షగా చూశాడు. “అందరు తప్పు తప్పిచ్చుకునేతందుకు వస్తరు. నీకేం రోగం?” అన్నాడు. “బర్రెను తీసేయాలంటే ఎన్ని కాయితాలు తిరగరాయాలెనో ఎరుకేనా?” అని కూడా అన్నాడు. బర్రెను పుట్టించడానికి ఐదు నిమిషాలు పట్టింది. చంపడానికి మూడు రోజులు తిరిగాను. మళ్ళీ పసుపు తవ్వకాల కాలానికి ఆర్మూర్ కోర్టులో మేజిస్ట్రేటు ముందు నిలబెట్టారు. తప్పు ఒప్పుకుంటున్నావా అని అడిగారు. ఒప్పుకుంటున్నానన్నాను. జరిమానా వేశారు, లైసెన్సు కొన్ని నెలలు తీసుకున్నారు. ఆ నెలలు నేను కూడా పసుపు చేన్లకే పోయాను, కూలికి. ఆడవాళ్ళు గంపెడు కొమ్ములు విడదీసేలోపు నావి దోసెడు అయ్యేవి. నా మీద వాళ్ళు చెప్పుకున్న జోకులు ఇక్కడ రాయను. బాగున్నాయి.

చర్చిలో చెప్పిన తొమ్మిదో రోజు గిన్నె ఇవ్వడానికి పోతే కోడలు పక్కకు జరిగింది. లోపలికి పోయాను.

“నాకు జెప్పకుంట గాడ ఎందుకు జెప్పినవ్?” అంది పెద్దమ్మ.

“నాలుగుసార్లు జెప్పిన. నువ్వు ఇనలె.”

“అయిదోపారి జెప్పొద్దా?”

గిన్నె మంచం పక్కన పెట్టాను.

“ఆడోళ్ళంత వచ్చి పోయిండ్రు,” అంది. “నన్ను ఎవలు ఏమనలె. నిన్నే అన్నరు. గిట్ల జెప్పినోడు మా ఇండ్లల్ల ఒక్కడు లేడని అన్నరు.” తర్వాత కొంగుతో ముఖం తుడుచుకుని, “కోర్టు ఎన్నడంట?” అంది.

నిజామాబాద్ కోర్టులో ఆమె వంతు రావడానికి ఏడాది దాటింది. అప్పటికి నా లైసెన్సు నాకు వచ్చేసింది. ఆటోలోనే తీసుకుపోతానన్నాను. వకీలు ఒప్పుకోలేదు. “ఇద్దరు ఒక్క బండ్ల దిగితే ఇన్సూరెన్స్ కంపెనీ వకీలు పట్టుకుంటడు. కలిసి మాట్లాడుకుని వచ్చిండ్రంటడు. ఎడంగ రాండ్రి,” అన్నాడు. అందుకని ఇద్దరం ఒకే బస్సులో ఎడంగా పోయాం. ఆమె కోడలితో కలిసి ముందు ఆడవాళ్ళ సీట్లో, నేను చివర. మాక్లూర్ దాటాక మూడు సీట్ల చేతులు మారి నాకొక కాయితం పొట్లం వచ్చింది. అందులో నాలుగు సకినాలు ఉన్నాయి. తెచ్చి ఇచ్చినాయన, “ఆ పెద్దామె ఇమ్మన్నది, నువ్వు ఎవలో ఎరుక లేదంట,” అన్నాడు.

కోర్టులో ఆమెను కుర్చీలోనే కూర్చోబెట్టి ప్రమాణం చేయించారు. మా వకీలు అడిగినవాటికి తడబడకుండా చెప్పింది. పోరడు వెనక్కి తిరిగాడు, బండి పడింది, బర్రె లేదు. తర్వాత కంపెనీ వకీలు లేచాడు.

“ఈ డ్రైవర్ మీ ఇంటికి రోజూ వస్తాడు కదా?”

“వస్తడు సార్.”

“మీకు కొడుకులాంటివాడు?”

“కొడుకే అనుకోండ్రి.”

“అతని కోసం పోలీసులకు అబద్ధం చెప్పారు.”

“ఔ సార్, జెప్పిన.”

“అప్పుడు అబద్ధం చెప్పిన మనిషి ఇప్పుడు డబ్బు కోసం అబద్ధం చెప్పడం లేదని ఎట్లా నమ్మాలి?”

నేను నేల వైపు చూస్తున్నాను.

“ఆ దినం పోరడు బయటవడ్తడని ఆడిన సార్,” అంది. “ఇయ్యాల నిజం జెప్తే ఆని పేరే ఖరాబైతది. నాకు కాలు వస్తది, కాదంట లేను. కాని కొడుకును బద్నాం జేసి కాలు తెచ్చుకునుడు నాకు పండుగనా సార్? లేని మాటైతే సచ్చినా అనకపోదును.”

కంపెనీ వకీలు కాయితాలు తిరగేశాడు. జడ్జి గారు అప్పటిదాకా తల ఎత్తకుండా వింటున్నారు. ఇప్పుడు ఎత్తి, “వెనక్కి ఎందుకు తిరిగాడమ్మా?” అని అడిగారు.

“నేను నవ్విన్నా లేదా అని సార్. నా నవ్వు ఇనవడది.”

“నవ్వారా?”

“నవ్విన సార్.”

టైపు కొట్టే అమ్మాయి చేతులు ఆపి జడ్జి గారి వైపు చూసింది. ఆయన రాయమన్నట్టు చెయ్యి ఊపారు.

తీర్పు రావడానికి మరో ఆరు నెలలు పట్టింది. ఇన్సూరెన్స్ డబ్బుతో ఆపరేషన్ అయింది. ఇప్పుడు పెద్దమ్మ కర్ర పట్టుకుని వీధి చివరి దాకా నడుస్తుంది. కింద కూర్చోవడం కుదరదు కాబట్టి పసుపు పనికి పోదు. కోడలికి బీడీ ఆకు కత్తిరించి ఇస్తుంది. నేను ఆ ఆటోనే నడుపుతున్నాను, ఏడుగురితో. ఎనిమిదో మనిషిని వద్దంటే తిట్లు పడతాయి. పడతాను.

పెద్దమ్మ సాక్ష్యం చెప్పిన రోజు కోర్టు నుంచి తిరిగి వచ్చేటప్పుడు మాత్రం మేము ఎడంగా కూర్చోలేదు. ఇక ఎవరు చూస్తే ఏమిటని పెద్దమ్మే పిలిచి పక్కన కూర్చోబెట్టుకుంది. కోడలు ముందు సీట్లో కూర్చుంది. పెద్దమ్మకు కాలు మడవరాదు. నడిచే దారిలోకి చాచి పెట్టింది. పొద్దుటి నుంచి అలసిపోయి, నిజామాబాద్ దాటకముందే నా భుజం మీద తల వాల్చి నిద్రపోయింది. బస్సు ప్రతి ఊళ్ళో ఆగుతోంది. గంపలతో, సంచులతో, పిల్లలతో జనం ఎక్కుతున్నారు. నేను నా కాలు ఆమె కాలికి ముందు అడ్డం పెట్టి, ఎక్కిన ప్రతి మనిషికీ ఒకే మాట చెప్తున్నాను.

“కాలు ఉంది, జర సూస్కోని.”

ఆర్మూర్ బస్టాండు దాకా నేను మాట్లాడింది అదే. ఎవరూ నవ్వలేదు. ఎవరి ముఖమూ చూడలేదు నేను. ఆ కాలి వైపే చూస్తూ కూర్చున్నాను.